పూల పానీయం వాళ్లకి ఇంటి వంట, మనకి కేసు ఎందుకైంది?

పోస్ట్ కొంచెం పొడవుగా ఉంటాది, తీరిగ్గా చదవండి.

ఈ మధ్య రీల్స్‌లో ఒకటే గోల. తెల్లటి చిన్న పూలు కోసి, సీసాలో నానబెట్టి, మంచుముక్కలు వేసి, పుదీనా ఆకు పైన పెట్టి, బుసబుస పొంగే గ్లాసు చూపిస్తున్నారు. పేరు ఎల్డర్ ఫ్లవర్ కాక్‌టెయిల్. "ఇంట్లోనే చేసుకోండి" అని కింద రాసి ఉంటాది. మన గ్రూపులో ఒక తమ్ముడు అడిగాడు: "దీనికీ, మన ఇప్పపువ్వుకీ తేడా ఏటి?" రామతీర్థంలోనూ చుట్టుపక్కలా ఉండి చదువుకుంటున్న మేం కొందరం ఈ ప్రశ్న పట్టుకుని కూర్చున్నాం. పూలల్లో తేడా తక్కువే. తేడా అంతా చరిత్రలో ఉంది.

ముందు వాళ్ల పువ్వు సంగతి. ఎల్డర్ యూరప్‌లో పొలాల కంచెల వెంట పెరిగే చిన్న చెట్టు. మే, జూన్ నెలల్లో గొడుగు లాంటి గుత్తులు పూస్తాది. కాడల్లో, ఆకుల్లో విషపదార్థం ఉంటాది కాబట్టి పూలు మాత్రం దులిపి తీసుకుంటారు. నీళ్లు, పంచదార, నిమ్మచెక్కలు వేసి ఒకటి రెండు రోజులు నానబెడితే షర్బత్ తయారు. దాన్నే పలచగా చేసి ఇంకొన్నాళ్లు వదిలేస్తే, పూల మీద సహజంగా ఉండే ఈస్ట్ పంచదారను తిని ఆల్కహాలునీ, గ్యాసునీ వదులుతాది. మూత బిగిస్తే ఆ గ్యాసు లోపలే ఇమిడిపోయి, తీయగానే బుస్సుమని లేస్తాది. బిగించిన సీసాలు పగిలిపోవడమూ మామూలే. రీల్స్‌లో కనిపించే కాక్‌టెయిల్ మాత్రం పాతది కాదు. ఇటలీ ఉత్తరాన దక్షిణ టైరోల్ అనే కొండ ప్రాంతంలో 2005లో 'హ్యూగో' పేరుతో మొదలైంది. పొంగే ద్రాక్షసారాయి ప్రొసెకోలో పూల షర్బత్, సోడా, పుదీనా కలుపుతారు. అంతకు ముందు వందల ఏళ్లుగా అది పల్లెటూరి అమ్మమ్మల వంటింటి సరుకు.

ఇప్పుడు మన సంగతి. ఎల్డర్ పువ్వులో వాసన తప్ప తీపి లేదు, పంచదార కొని పొయ్యాలి. మన ఇప్పపువ్వుకి ఆ అవసరమే లేదు. ఎండిన పువ్వు బరువులో సగం, ఒక్కోసారి అంతకు మించి చక్కెరే. మార్చి, ఏప్రిల్ నెలల్లో తెల్లారేసరికి చెట్టు కింద రాలి ఉంటాది, ఏరుకుని ఎండబెట్టుకోవడమే. ఆకలి రోజుల్లో అదే తిండి. ఉడకబెట్టుకుని తిన్నారు, పిండిలో కలుపుకున్నారు, నానబెట్టి పులియబెట్టుకున్నారు.

బుసబుస పొంగే పానీయం కావాలంటే జీలుగు కల్లుని మించింది లేదు. జీలుగు చెట్టు పూతకి రావడానికి పదేళ్లకు పైగా పడతాది. పూగెల చివర చెక్కి కుండ కడితే తీపి నీరు కారుతాది. గాలిలో, కుండలో ఉండే ఈస్ట్ వెంటనే పని మొదలెడతాది. పొద్దున్న దింపింది తియ్యగా, మధ్యాహ్నానికి నురగతో, సాయంత్రానికి పులుపుతో ఉంటాది. పంచదార అక్కర్లేదు, సోడా అక్కర్లేదు. కొండరెడ్ల గురించి 1945లో పుస్తకం రాసిన ఫ్యూరర్ హైమెన్‌డార్ఫ్ ఈ కల్లు వాళ్లకి మత్తు మాత్రమే కాదని, కల్లు దొరికే రోజుల్లో అదే తిండి లాంటిదని గమనించాడు. పితృదేవతలకి పొయ్యకుండా మనవాళ్లు గుక్క తాగరన్న సంగతి మీకు చెప్పక్కర్లేదు.

ఇంకా వెనక్కి వెళ్దాం. రామతీర్థం అంటే అందరికీ రాముడి గుడి, శివరాత్రి జాతర గుర్తొస్తాయి. ఆ పక్కనే బోధికొండ, గురుభక్తులకొండ మీద బౌద్ధ, జైన శిథిలాలు ఉన్నాయి. ఆ కొండల మీద ఉన్న భిక్షువులు మత్తు ముట్టకూడదన్నది బౌద్ధంలో ఐదో శీలం. కానీ అది వాళ్లకి వాళ్లు పెట్టుకున్న నియమం. కొండ కింద ఊళ్లో ఎవరి కుండనీ పగలగొట్టమని అందులో లేదు. వైద్యులైతే పూలని వదల్లేదు. చరక సంహిత ఆసవాల జాబితాలో పూలతో చేసేవి పది చెప్పింది. ఇప్పటికీ ఆయుర్వేద మందుల షాపులో దొరికే ఆసవాలు చాలావరకు ధాతకి పూలు వేసి పులియబెట్టినవే. ఎల్డర్ పువ్వు చేసే పనే ధాతకి కూడా చేస్తాది. సీసా మీద లేబుల్ ఉంటే మందు, మన కుండలో ఉంటే మత్తు!

మాకు అన్నిటికంటే ఆశ్చర్యం కలిగించింది కౌటిల్యుడి అర్థశాస్త్రం. సురని చూసుకోడానికి ఒక అధికారిని పెట్టిన పుస్తకం అది, అంటే ఎక్సైజ్ శాఖకి ముత్తాత. ఎవడు ఎక్కడ అమ్మాలో, ఎంత అమ్మాలో అంతా కట్టడి చేసింది. అయినా ఒక వెసులుబాటు ఇచ్చింది. శుభకార్యాలకి కుటుంబాలు ఇంట్లో తెల్లసుర చేసుకోవచ్చు, మందు కోసం అరిష్టం చేసుకోవచ్చు, ఉత్సవాలకి, జాతరలకి నాలుగు రోజులు సొంతంగా చేసుకోడానికి అనుమతి. అమ్మకం మీద పన్ను వేసిన రాజ్యం కూడా ఇంటి కుండని వేరుగా చూసింది.

ఆ గీత చెరిపేసింది ఇంగ్లీషోళ్ల రెవెన్యూ. దానికి మన ప్రాంతం కట్టిన మూల్యం పేరు రంప తిరుగుబాటు, 1879. స్కూలు పుస్తకంలో రంప అంటే అల్లూరి, 1922 అని చదువుకున్నాం. నిజానికి అంతకు 43 ఏళ్ల ముందే అదే కొండల్లో పెద్ద యుద్ధం జరిగింది, అది మొదలైంది కల్లు దగ్గర. మద్రాసు ప్రభుత్వం కొత్త అబ్కారీ నిబంధనలు తెచ్చి, కల్లు మీద హక్కుని మైదానపు కాంట్రాక్టర్లకి పాటకి ఇచ్చింది. సొంత చెట్టు నుంచి సొంత ఇంటికి దింపుకున్న కల్లు కూడా కాంట్రాక్టర్ లెక్కలోకి వచ్చేసింది. దాని మీద రంప మన్సబ్‌దారు 'చిగురుపన్ను' అని ఇంకోటి వేశాడు. అడవి పన్నులు, పోలీసుల జులుం, మైదానపు షావుకార్లకి అనుకూలంగా నడిచే కోర్టులు అప్పటికే ఉన్నాయి. కల్లు పన్ను ఆఖరి దెబ్బ అయింది.

1879 మార్చిలో మొదలైంది. పోలీస్ స్టేషన్ల మీద దాడులు. తమ్మన్నదొర, ద్వారబంధాల చంద్రయ్య, అంబుల్‌రెడ్డి పేర్లు రికార్డుల్లో ఉన్నాయి. రంపలో మొదలైంది విశాఖపట్నం జిల్లా గొలుగొండ కొండలకి, అటు భద్రాచలం వైపు రేకపల్లికి పాకింది. రేకపల్లిలో పోడు మీద పెంచిన పన్ను కారణం. అణచడానికి మద్రాసు నుంచి సైనిక దళాలు దింపారు. 1880లో చంద్రయ్యని చంపేశారు. తర్వాత విచారణకి వచ్చిన రెవెన్యూ బోర్డు అధికారి సలివన్ కూడా మన్సబ్‌దారు దోపిడీనీ, కల్లు పన్నునీ కారణాలుగా ఒప్పుకోక తప్పలేదు. మన్సబ్‌దారుని తీసేశారు.

సరిగ్గా అదే 1880లో లండన్‌లో గ్లాడ్‌స్టన్ ప్రభుత్వం ఇంట్లో బీరు కాచుకునేవాళ్లు లైసెన్సు తీసుకోవాలని చట్టం చేసింది. అంటే వాళ్ల సొంత జనం మీదా చెయ్యి వేశారు. కానీ పేదల చిన్న ఇళ్లకి సుంకం మినహాయించారు, సైన్యాన్ని పంపలేదు. 1963లో ఆ లైసెన్సు కూడా ఎత్తేశారు. అందుకే ఇవాళ ఇంగ్లండ్‌లో ఒక ముసలమ్మ ఎల్డర్ పూలు పులియబెట్టుకుంటే ఎవరూ తలుపు కొట్టరు. ఒక మాట మాత్రం నిజాయితీగా చెప్పాలి: ఆవిరి పట్టి సారా తీయడం లైసెన్సు లేకుండా అక్కడా నేరమే. పులియబెట్టడం వేరు, బట్టీ పెట్టడం వేరు. ఈ తేడా మన వాదనలో కూడా ఉండాలి, లేకపోతే వాదన నిలబడదు.

మన దగ్గర మాత్రం పట్టు ఇంకా బిగిసింది. 1886లో మద్రాసు అబ్కారీ చట్టం వచ్చింది. బొంబాయి రాష్ట్రంలోనైతే 1892లో ఏకంగా ఇప్పపువ్వు మీదే ఒక చట్టం చేశారు. ఠాణా, కొలాబా జిల్లాల్లో పువ్వు ఏరడం, దాచుకోవడం కూడా కట్టడిలోకి వచ్చింది. చెట్టు నుంచి రాలిన పువ్వుకి పర్మిట్! సర్కారు సారా అమ్ముడుపోవాలంటే ఇంటి కుండ ఆగాలి, అసలు లెక్క ఇదే.

ఇంటి కుండ ఆగితే ఏమైంది? తాగడం ఆగలేదు. కొనడం మొదలైంది. కొనడానికి డబ్బు లేదు, కాబట్టి అప్పు. అప్పుకి పంట, పంట తర్వాత భూమి. ఏజెన్సీలో సారా అమ్మినవాడే అప్పు ఇచ్చాడు, వాడే పట్టా రాయించుకున్నాడు. భూములు ఎంతగా జారిపోయాయంటే ప్రభుత్వమే 1917లో ఏజెన్సీ ప్రాంత వడ్డీ, భూబదలాయింపు చట్టం తేవాల్సి వచ్చింది. మనం ఇవాళ గొంతెత్తి చెప్పే 1/70కి మూలం అక్కడుంది. పండగకి ఇంట్లో చేసుకున్న కుండతో ఎవరి భూమీ పోలేదు.

స్వాతంత్య్రం తర్వాత కథ గబగబా నడిచింది. 1948కి మద్రాసు రాష్ట్రమంతా మద్యనిషేధం. 1953లో ఆంధ్ర రాష్ట్రం వచ్చింది. 1954 నవంబరులో ప్రకాశం పంతులు ప్రభుత్వం ఈ మద్యనిషేధం గొడవ మీదే ఒక్క ఓటు తేడాతో పడిపోయింది. గీత కార్మికుల తరఫున పోరాడింది మన శ్రీకాకుళం మనిషి, బారువలో పుట్టిన గౌతు లచ్చన్న. గీతన్నల గోడు అసెంబ్లీలో వినిపించింది. కొండ మీద జీలుగు దింపుకునే మనవాళ్ల గొంతు ఆ చర్చలో ఎక్కడా లేదు. ఇది మాకు బాధ కలిగించే విషయం.

తర్వాత అదే రాష్ట్రంలో ప్రభుత్వమే 'వారుణి వాహిని' పేరుతో సారా ప్యాకెట్లు ఊరూరికీ పంపింది. దాని మీద నెల్లూరు జిల్లా దూబగుంట ఆడవాళ్లు తిరగబడ్డారు, 1993 అక్టోబరు 1న సారా నిషేధం వచ్చింది. 1995లో మొత్తం మద్యం ఆగింది, 1997లో మళ్లీ తలుపులు తెరిచారు. మళ్లీ వచ్చింది సీసా మందు. ఇంటి కుండ రాలేదు.

అదే 1993లో లండన్ కోర్టులో ఒక కేసు నడిచింది. ఇంగ్లండ్‌లో ఒక చిన్న కంపెనీ 'ఎల్డర్ ఫ్లవర్ షాంపేన్' అని మత్తు లేని పొంగే పానీయం అమ్మింది. ఫ్రాన్స్ షాంపేన్ కంపెనీ టాటింజే కేసు వేసి గెలిచింది. గొడవంతా సీసా మీది పేరు గురించే. పానీయం చెయ్యొద్దని ఎవరూ అనలేదు, పేరు మార్చమన్నారంతే. వాళ్ల పూల పానీయం కోర్టుకెక్కితే పేరు పోతాది, మనది కోర్టుకెక్కితే మనిషి జైలుకి పోతాడు.

ఇప్పుడు మనకి నేరుగా తగిలే విషయం. గిరిజన ప్రాంతాల్లో వ్యాపార మద్యం అమ్మకం ఆపాలి, ఆచారాలకి ఇంట్లో చేసుకునేదాన్ని అనుమతించాలి అని కేంద్రం 1970ల్లోనే రాష్ట్రాలకి మార్గదర్శకాలు ఇచ్చింది. 1996 పెసా చట్టం 4(ఎం) సెక్షన్ ఇంకా ముందుకెళ్లింది. మత్తు పదార్థాల అమ్మకం, వాడకం నిషేధించాలా, నియంత్రించాలా అన్న అధికారం గ్రామసభకి ఇవ్వాలంది. అదే సెక్షన్‌లో చిన్నతరహా అటవీ ఉత్పత్తుల మీద యాజమాన్యం కూడా ఉంది, అందులో ఇప్పపువ్వు వస్తాది. మన రాష్ట్రం పెసా నియమాలు 2011లో ఇచ్చింది. కాగితం మీద దారి తెరిచే ఉంది.

కానీ ఎవరికి? ఐదో షెడ్యూలు గ్రామాలకి మాత్రమే. రామతీర్థం ఉన్న నెల్లిమర్ల మండలం షెడ్యూల్ ప్రాంతం కాదు. విజయనగరం, శ్రీకాకుళం, పార్వతీపురం మన్యం జిల్లాల్లో షెడ్యూలు గీతకి అవతల ఉండిపోయిన మన ఊళ్లు చాలా ఉన్నాయి. ఒకే కులం, ఒకే పండగ, ఒకే చెట్టు. గీతకి ఇటు ఉంటే గ్రామసభ అధికారం, అటు ఉంటే ఎక్సైజ్ కేసు. నాన్-షెడ్యూల్డ్ గ్రామాలని కలపాలన్న డిమాండు భూమి కోసమే అనుకుంటారు చాలామంది. పండగ కుండ కోసం కూడా.

గ్రూపులో అక్కాచెల్లెళ్లు ఇక్కడ కోప్పడతారని తెలుసు. "తాగుడికి చరిత్ర రాస్తున్నారా?" అని. లేదు. ఇవాళ ఊళ్లల్లో దొరికే నాటుసారా మన అవ్వల ఇప్పసారా కాదు. నల్లబెల్లం ఊటలో ఏవేవో కలిపి వ్యాపారానికి కాస్తున్న సరుకు అది. దాన్ని గ్రామసభే ఆపాలి, ఆడవాళ్ల మాటే చివరి మాట కావాలి. పెసాలో 'నిషేధించే అధికారం' అన్న మాట కూడా ఉంది కదా. మేం అడిగేది ఒక్కటే, ఆ నిర్ణయం ఊరిది కావాలని.

ఈలోగా మధ్యప్రదేశ్ ప్రభుత్వం ఇప్పసారాని 'హెరిటేజ్ లిక్కర్' అని గిరిజన సంఘాల చేత తయారు చేయించి అమ్మిస్తోంది. తెలంగాణలో ఉట్నూరు ఆదివాసీ మహిళలు ఇప్పపువ్వు లడ్డూలు చేస్తున్నారు. రంపచోడవరం దగ్గర పందిరిమామిడి ఉద్యాన పరిశోధన కేంద్రంలో జీలుగు నీరా, బెల్లం మీద పని జరుగుతోంది. అంటే పువ్వుకి, చెట్టుకి విలువ ఉందని అందరికీ తెలుసు.

ఎల్డర్ ఫ్లవర్ రీల్ చూసి నోరూరినవాళ్ల కోసం, కేసు లేని పద్ధతి ఒకటి. గుప్పెడు ఎండు ఇప్పపూలు తీసుకోండి. లోపలి కేసరాలు దులిపేసి, రెండు మూడు నీళ్లల్లో కడగండి, ఇసుక ఉంటాది. రెండు గ్లాసుల నీళ్లల్లో పావుగంట మరిగించి, చల్లారాక గుడ్డలో పిండండి. పంచదార వద్దు. సగం నిమ్మకాయ, చిటికెడు ఉప్పు. అదే రోజు తాగాలి, ఉంచితే పులుస్తాది. గ్లాసులో మూడో వంతు ఈ రసం పోసి, మీద గోళీసోడా కొట్టండి. వాసన అందరికీ మొదటిసారే నచ్చదు, నిమ్మరసం పెంచితే సర్దుకుంటాది.

మీ ఊళ్లో ఇప్పపువ్వుని మీ భాషలో ఏమంటారో, కొత్త పువ్వు ఎప్పుడు తీస్తారో, మీ ఊరు షెడ్యూల్డా కాదా, మూడూ కామెంట్లలో రాయండి. జాబితా తయారు చేద్దాం.