భక్తి, విజ్ఞానం, మన గోదావరి మన్యం



సైన్సు దారి వేరు, భక్తి దారి వేరు అని మనం చదువుకున్నాం. పాశ్చాత్య దేశాల చరిత్ర తిరగేస్తే ఆ రెండూ చాలాకాలం ఒకే ఇంట పెరిగాయని తెలుస్తుంది. ఆదాము పాపం వల్ల ప్రకృతిపై మనిషి పోగొట్టుకున్న అధికారాన్ని విద్యల ద్వారా కొంతైనా తిరిగి సంపాదించవచ్చునని ఇంగ్లండు పండితుడు ఫ్రాన్సిస్ బేకన్ 1620లో వ్రాశాడు. ఆయన మరణానంతరం అచ్చయిన 'న్యూ అట్లాంటిస్'లో, పండితులు లోకహితం కోసం పరిశోధనలు చేసే ఒక ఊహాద్వీపం ఉంది. 1660లో లండనులో రాయల్ సొసైటీ స్థాపించిన వారికి ఆ ఊహే ఆదర్శమైంది. న్యూటన్ అంతటివాడు గణితంతో పాటు బైబిలు జోస్యాల మీద కూడా ఎన్నో పుటలు వ్రాసుకున్నాడు. దేవుడి సృష్టికి నియమాలున్నాయి, వాటిని తెలుసుకుని భూమిని బాగుచేయవచ్చునని వారి విశ్వాసం.

అటువంటి విశ్వాసమే మన గోదావరికి సర్ ఆర్థర్ కాటన్ రూపంలో వచ్చింది. 1833 నాటి డొక్కల కరువు గుంటూరు సీమను తుడిచిపెట్టిన కాలమది. కాటన్ పరమ క్రైస్తవ భక్తుడు. ప్రజలు ఆకలితో చస్తుంటే నదుల నీటిని సముద్రంపాలు చేయడం క్రైస్తవులమని చెప్పుకునే ప్రభుత్వానికి తగదని వాదించాడు. 1847లో ధవళేశ్వరం ఆనకట్ట మొదలుపెట్టి 1852 నాటికి పూర్తిచేయించాడు. అయితే విశ్వాసం ఆయనదైనా విద్య అంతా పాశ్చాత్యులది కాదు. ఇసుక మీద పునాది నిలిపే పద్ధతిని కావేరిపై చోళులు కట్టిన కల్లణై చూసి నేర్చుకున్నామని ఆయనే ఒప్పుకున్నాడు. కంపెనీకి శిస్తు పెరిగింది, నిజమే. డెల్టా ప్రజల కంచంలోకి అన్నమూ వచ్చింది. అందుకే నేటికీ గోదావరి స్నాన సంకల్పంలో ఆయన పేరు తలచేవారున్నారు.

ఇక కొండ ఎక్కుదాం. డెల్టాకు నీరిచ్చిన శతాబ్దమే మన్యానికి అటవీ చట్టాన్నిచ్చింది. 1882 మద్రాసు అటవీ చట్టం వెనుకా ఒక శాస్త్రం ఉంది. లెక్క ప్రకారం చెట్టు పెంచి, లెక్క ప్రకారం కొట్టాలన్న శాస్త్రమది. దాని రూపకల్పనలో జర్మను వృక్షశాస్త్రజ్ఞుడు డీట్రిచ్ బ్రాండిస్ పాత్ర ఉంది. ఆ లెక్కలో తరతరాల పోడు వ్యవసాయం అడవికి చేటుగా కనిపించింది. రిజర్వు హద్దుల్లో పోడు నేరమైంది. గుమస్తాగా ఫైళ్ళు కట్టిన అనుభవంతో చెబుతున్నాను: కాలువ కింది రైతు పేరు సర్కారు అడంగల్‌లోకెక్కింది, పోడు రైతు పేరు కేసు కాగితంలోకెక్కింది.

కొండవాళ్ళకూ తమదైన ఆదర్శలోకం ఉంది. సన్యాసిగా వచ్చిన అల్లూరి సీతారామరాజుగారు తాగుడు మానమన్నారు, తగవులు కోర్టుకెక్కక పంచాయితీలో తీర్చుకోమన్నారు. ఆయనను దైవాంశగా నమ్మినవారు ఎందరో. నర్సీపట్నం నుంచి లంబసింగికి ఘాట్ రోడ్డు వేసేటప్పుడు సరైన కూలి ఇవ్వక చేయించిన చాకిరీ ఆ భక్తిని తిరుగుబాటుగా మార్చింది. 1922 ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న మన రాజవొమ్మంగి పోలీసు స్టేషన్లపై దాడి జరిగింది. ఇక్కడ నిర్బంధంలో ఉన్న వీరయ్యదొరను విడిపించారు. సర్కారు దృష్టిలో రోడ్డు అభివృద్ధి. అది తవ్వినవాడికి వెట్టి.

నేను చెప్పదలచినది ఇంతే. అభివృద్ధి కూడా ఒక విశ్వాసమే. అన్నం పెట్టినప్పుడు దానికి దణ్ణం పెట్టవలసిందే. కానీ ఆ స్వర్గంలో చోటు ఎవరికి అన్న ప్రశ్న ప్రతిసారీ అడగాలి. అటవీ నివాసులకు చారిత్రక అన్యాయం జరిగిందని 2006 నాటి అటవీ హక్కుల చట్టం తన పీఠికలోనే అంగీకరించింది. 1882 నుంచి లెక్కిస్తే ఆ ఒక్క మాటకు 124 ఏళ్ళు పట్టింది. ఇంజనీర్లు, ఆఫీసర్లు అవుతున్న మన మనవలు, మనవరాళ్ళు ధవళేశ్వరం చూసిన తరువాత రాజవొమ్మంగి కూడా ఒకసారి వచ్చి చూడాలని నా కోరిక.