కుచ్చుల పాస్తాకు రాకుమారి పేరు

జంతికల గొట్టంలో పిండి వేసి నొక్కితే, బిళ్ళకున్న రంధ్రాన్ని బట్టి జంతిక ఆకారం వస్తుందని మీకు తెలుసు. ఇటలీ వారి పాస్తా తయారీలోనూ సూత్రం అదే. అయితే వారి ‘మాఫాల్దీనె’ పాస్తాను ఒకసారి చూడండి. సుమారు సెంటీమీటరు వెడల్పున్న పొడవాటి పట్టీ. దాని రెండంచులా లంగా కుచ్చుల్లాంటి అలలు! ఇవెలా వచ్చాయి?

పిండి నడిమి భాగంకంటే అంచుల్లో వేగంగా బయటికి వచ్చేలా అచ్చును మలుస్తారు. అందువల్ల అంచు పొడవు ఎక్కువ, నడుము పొడవు తక్కువ అవుతాయి. మిగిలిన ఆ పొడవుకు అలలుగా ముడుచుకోవడం తప్ప మరో దారి లేదు. ప్లాస్టిక్ సంచిని మెల్లగా చించి చూడండి, చిరిగిన అంచులోనూ ఇవే అలలు కనిపిస్తాయి. ఈ అలలమీద అమెరికాలోని టెక్సాస్ విశ్వవిద్యాలయ శాస్త్రవేత్తలు 2002లో ‘నేచర్’ పత్రికలో వ్యాసమే రాశారు.

వంటలోనూ కుచ్చులు ఊరికే లేవు. వాటి ముడతల్లో సాస్ నిలుస్తుంది. అంచు మెత్తగా ఉడికే సరికి నడుము కాస్త గట్టిగా ఉంటుంది కనుక ఒకే ముద్దలో రెండు రుచులన్నమాట. నేపుల్స్ వాసులు దీన్ని మాంసంతో చాలాసేపు ఉడికించిన టమాటా సాస్‌తో, రికోట్టా అనే మెత్తని జున్నుతో కలిపి తింటారు.

ఆకారం పాతదే, పేరే కొత్తది. నేపుల్స్‌లో దీన్ని ‘ఫెట్టుచెల్లె రిక్కె’ అనేవారు. ఫెట్టుచెల్లె అంటే చిన్న రిబ్బన్లు. ఇటలీ రాజు మూడవ విక్టర్ ఇమ్మాన్యుయేల్‌కు 1902లో పుట్టిన కుమార్తె మాఫాల్దా గౌరవార్థం దానికి ఆమె పేరు పెట్టారు. ‘రెజినెత్తె’ అన్న పేరూ ఉంది. చిన్న రాణులని దాని అర్థం.

ఆ రాకుమారి కథ మాత్రం విషాదం. 1925లో ఆమె జర్మన్ రాకుమారుడు ఫిలిప్‌ను పెళ్ళాడింది. అతడు తరువాత హిట్లర్ పార్టీలో చేరాడు. 1943 సెప్టెంబరులో ఇటలీ మిత్రరాజ్యాలతో సంధి చేసుకోగానే హిట్లర్ కోపం ఆ రాజకుటుంబం మీద పడింది. ఫిలిప్‌నూ నిర్బంధించారు. భర్తతో ఫోనులో మాట్లాడిస్తామని నమ్మించి, జర్మన్లు మాఫాల్దాను రోమ్‌లో పట్టుకున్నారు. బూఖెన్‌వాల్డ్ నిర్బంధ శిబిరంలో మారుపేరుతో ఉంచారు. 1944 ఆగస్టు 24న శిబిరం పక్కనున్న ఆయుధ కర్మాగారంపై మిత్రరాజ్యాల విమానాలు బాంబులు వేసినప్పుడు ఆమె తీవ్రంగా గాయపడింది. కొద్ది రోజుల్లోనే చనిపోయింది. అప్పటికామెకు 41 ఏళ్ళు.

1946లో ఇటలీ ప్రజలు ఓటు వేసి రాచరికాన్ని తొలగించారు. పాస్తా పొట్లాలపై మాఫాల్దా పేరు మాత్రం ఇప్పటికీ అచ్చవుతూనే ఉంది.