యొసెమిటీ లోయ: మాఱుచుండిన ప్రణాళికలు

అమెరికాలోని కాలిఫోర్నియాయందు యొసెమిటీ యను లోయ కలదు. దాని పొడవు సుమారు ఏడుమైళ్లు, వెడల్పు ఒకమైలు. ఇరుప్రక్కల నిట్టనిలువు కొండలు, వానినుండి దుముకు జలపాతములు, నడుమ మెర్సెడ్ నది. 1864వ సంవత్సరము జూన్ 30వ తేదీన, అంతర్యుద్ధము ముగియకమునుపే, అధ్యక్షుఁడు లింకన్ ఈ లోయను ప్రజావిహారార్థము శాశ్వతముగా నుంచవలెనను నియమముపై ఆ రాష్ట్రమునకు ఒప్పగించెను.

దీనిని కాపాడుటకు నియమింపఁబడిన సంఘములో ఫ్రెడరిక్ లా ఓమ్‌స్టెడ్ సభ్యుఁడు. 1865లో ఆయన యొక నివేదిక వ్రాసి సహసభ్యులకు చదివి వినిపించెను. ప్రభుత్వము పూనుకొననిచో ఇట్టి చోట్లు ధనికుల సొత్తగునని ఆయన భయము. అప్పటికి వచ్చువారు వందలలోనే యుండిరి. నూఱేండ్లలో వారు లక్షోపలక్షలగుదురని ఆయన చెప్పెను. నేఁడు కంటికానని స్వల్పహానియే అన్నిలక్షల జనులతో హెచ్చవేసినచో ఘోరనష్టమగునని ఆయన వాదము. ఎంతటి దూరదృష్టి! ఆ నివేదిక శాసనసభకు చేరనేలేదు. 1952 వఱకు అచ్చుమొగము చూడలేదు. 1954లోనో, ఒక్కయేటిలోనే సందర్శకులు పదిలక్షలు దాఁటిరి.

మోటారుబండి మాత్రము ఆయన యూహకు అందినది కాదు. 1913లో దానికి లోయలో ప్రవేశింప అనుమతి లభించెను. 1980నాఁటి నిర్వహణ ప్రణాళిక, సొంతబండ్లను తుదకు లోయనుండి తొలఁగింపవలెనని ఘనముగా చాటెను. ఆ కోరిక నేఁటికిని తీఱలేదు. 1997 జనవరిలో మంచుపై వెచ్చనివాన కురిసి నది పొంగి, లోయలోని విడిదిస్థలములలో సుమారు సగమును ధ్వంసముచేసెను. కొన్ని మరల తెఱవఁబడలేదు. ఏండ్లతరబడి మనుష్యులు నిర్ణయింపలేనిదానిని నది కొన్నిదినములలో నిర్ణయించినది!

మెర్సెడ్ 1987లోనే రక్షితనదుల పట్టికలో చేరియుండెను. ఎంతమంది రావచ్చునో నిర్ణయింపుమని ఆ చట్టము కోరును. 2000లో వ్రాసిన ప్రణాళిక ఆ ప్రశ్నకు సరిగా బదులీయలేదని 2003లోను, సవరించినదియు చాలదని 2008లోను న్యాయస్థానము తీర్పుచెప్పెను. 2014లో వచ్చినది నాకు మేలుగా తోఁచుచున్నది. ఏలయన, పచ్చికబయళ్లలో అడ్డదారులెన్ని పడినవి, నదియొడ్డు ఎట్లున్నది యని కొలుచుచు, కొలత హద్దునకు చేరువ కాఁగానే చర్య తీసికొనవలెనని అందే వ్రాసిరి. మనయిండ్లలో పంచాంగమును ఏటేట మార్చుదుము గదా. ఇచ్చట గ్రంథమే తన్ను తాను మార్చుకొను వేళను చెప్పుచున్నది.

2020లో అంటువ్యాధి కారణమున, ముందుగా అనుమతి పొందినవారికే ప్రవేశమని విధించిరి. 2023లో ఆ నియమము లేదు. జనసమ్మర్దమునకు తాళలేక 2024లో మరల తెచ్చిరి. వచ్చినవారందఱికి తలుపు తెఱచియుంచుటయా, వచ్చినవారికి లోయను మిగుల్చుటయా యను తగవు అచ్చట ఇంకను నడచుచునేయున్నది.