పాత ఓడకు దొరికిన రేవు

స్కాట్లండ్ ఉత్తరపు కొసకూ ఓర్క్‌నీ దీవులకూ మధ్య ఉన్న నీళ్లను పెంట్లండ్ ఫర్త్ అంటారు. ఎండ కాసిన రోజున ఈ ఒడ్డు మీద నిలబడితే ఆ దీవులు చక్కగా కనబడతాయి. ఇంత దగ్గరే కదా అని పడవ దించినవాళ్ల పడవలు ఎన్ని మునిగాయో లెక్క లేదు. ఒకపక్క అట్లాంటిక్, ఇంకోపక్క ఉత్తర సముద్రం. రెండింటి ఆటుపోట్ల వేళలు ఒకటి కావు. ఆ తేడా నీరంతా రోజూ ఈ ఇరుకులోంచే అటూ ఇటూ పరుగెత్తాలి. ప్రవాహం పడమటికి సాగుతుండగా గాలి ఎదురు తగిలిందంటే, మెర్రీ మెన్ ఆఫ్ మే అనే చోట సముద్రం ఉన్నచోటే నిలబడి కుతకుత ఉడుకుతుంది.

మనుషులు దాటడం మాత్రం ఎన్నడూ మానలేదు. 15వ శతాబ్దం చివర్లోనే యాన్ డి గ్రూట్ అనే డచ్చివాడు ఇక్కడ పడవ నడిపాడని చెబుతారు. జాన్ ఓ గ్రోట్స్ అనే ఊరికి ఆ పేరు అతని వల్లే వచ్చింది. మనుషుల్ని దాటించడం ఒక ఎత్తు, బండ్లను దాటించడం ఇంకో ఎత్తు. కార్లను దాటించే ఓడలు చుట్టుదారిలోనే నడిచేవి. స్క్రాబ్‌స్టర్ నుంచి బయల్దేరి, హోయ్ దీవికి పడమరగా, బాహాటమైన సముద్రంలో సుమారు రెండు గంటలు నడిచి స్ట్రోమ్‌నెస్ చేరేవి.

దగ్గరిదారికి యుద్ధం ఒక తలుపు తెరిచింది. 1939 అక్టోబరులో జర్మన్ జలాంతర్గామి ఒకటి స్కాపా ఫ్లోలోకి దొంగచాటుగా చొరబడి రాయల్ ఓక్ యుద్ధనౌకను ముంచింది. 800 మందికి పైగా నావికులు పోయారు. మళ్లీ అలా జరగకూడదని తూర్పువైపు సందులన్నీ కాంక్రీటు దిమ్మెలతో మూయించాడు చర్చిల్. ఆ పనిలో ఇటలీ యుద్ధఖైదీలు కూడా చెమటోడ్చారు. శత్రువును ఆపడానికి వేసిన ఆ కట్టల మీద రోడ్డు పడింది. దాంతో దక్షిణాన ఉన్న సౌత్ రోనల్డ్‌సే దీవి, ముఖ్యపట్టణమైన కిర్క్‌వాల్‌తో కలిసిపోయింది. అంటే కారును సౌత్ రోనల్డ్‌సే మీద ఒక్కసారి దించగలిగితే చాలు, మిగతా ప్రయాణమంతా చక్రాల మీదే.

దించడమెలా అన్నదే చిక్కు. గోదావరి పంటు మీదికి కారెక్కించినవాళ్లకు ఈ తంటా కొంత తెలుసు: నీరు పెరిగితే పంటు పైకి, తగ్గితే కిందికి, గట్టు మాత్రం ఉన్నచోటే. సముద్రంలో అది రోజంతా నడిచే ఆట. అందుకని రేవులో లింక్‌స్పాన్ పెడతారు. అదొక ఇనుప వంతెన. ఒక చివర ఒడ్డుకు మడతబందుతో బిగించి ఉంటుంది, రెండో చివర నీటిమట్టాన్ని బట్టి లేస్తూ దిగుతూ ఓడ తలుపును అందుకుంటుంది. నీరు నిదానంగా ఉన్నంతసేపూ దాని పని సాఫీగా సాగుతుంది. అల విసురుకు గురైతే మాత్రం ఆ మడతబందు మీదే దెబ్బ పడుతుంది.

ఓర్క్‌నీ కౌన్సిల్ 1980ల చివర్లో నడుం బిగించింది. స్కాట్లండ్ వైపు గిల్స్ బే, సౌత్ రోనల్డ్‌సే వైపు బర్విక్. మ్యాపు మీద చూస్తే చాలా దగ్గరి దారి. ప్రజాధనం బోలెడంత పోసి రెండుచోట్లా రేవులు కట్టారు. 1989లో వారగెన్ అనే కొత్త ఓడ తిరగడం మొదలుపెట్టింది. కొద్ది వారాల్లోనే ఆగిపోయింది. బర్విక్ ఉన్నది ఆ దీవికి సరిగ్గా దక్షిణపు ముక్కు మీద. ఫర్త్ మీంచి వచ్చే అల ఎక్కడా విరగకుండా నేరుగా వచ్చి తాకుతుంది. తుపానుల ముందు రేవు కట్టడాలు నిలవలేదు. వారగెన్‌ను వేరే దీవులకు తిప్పుకున్నారు. దగ్గరిదారి మాట ఎత్తితే జనం నవ్వే రోజులొచ్చాయి.

ఆ నవ్వుల మధ్య రంగంలోకి దిగినవాడు ఆండ్రూ బ్యాంక్స్, ఓర్క్‌నీ మనిషి. 1997లో పెంట్లండ్ ఫెర్రీస్ అని సంస్థ పెట్టి, పశ్చిమ తీరపు దీవులకు ఓడలు నడిపే కాలెడోనియన్ మాక్‌బ్రేన్ దగ్గర ఐయోనా అనే పాత ఓడను కొన్నాడు.

ఐయోనాకూ రేవులతో పాత పేచీయే ఉంది. అది 1970లో ట్రూన్ ఊళ్లోని ఐల్సా యార్డులో తయారైంది. ముందువైపు ఎక్కిన కారు వెనకవైపు నుంచి దిగిపోయే ఏర్పాటు కాలెడోనియన్ మాక్‌బ్రేన్ ఓడల్లో దీనికే మొదలు. ఐలా దీవి కోసం కట్టించారు. తీరా చూస్తే అక్కడికి వెళ్లే వెస్ట్ లోక్ టార్బర్ట్ నీళ్లు దాని అడుగుకు లోతు చాలవు! కొత్త పెళ్లికూతురు అత్తింటి గడపలోంచి పట్టనట్టయింది. డనూన్‌కు పంపారు, స్టోర్నోవేకు పంపారు, చివరికి ఐలాకూ వెళ్లింది, ఆపైన స్కై దీవికి. అలా 27 ఏళ్లు చాకిరీ చేసి అమ్మకానికొచ్చింది. బ్యాంక్స్ దానికి పెంటలినా-బి అని పేరు మార్చాడు.

ఓడ చేతికొచ్చింది గానీ టికెట్టు అమ్మడానికి ఇంకా మూడేళ్లకు పైగా పట్టింది. ఆ మూడేళ్లూ రేవులకే పోయాయి. నా లెక్కలో అసలు మలుపు ఓడ కొనడం కాదు, రేవు ఎంచుకోవడం. గిల్స్ బేను అట్టే పెట్టుకున్నాడు, లీజుకు తీసుకున్నాడు. దానికి ఎదురుగా స్ట్రోమా దీవి కొంత అడ్డుంటుంది. బర్విక్‌ను మాత్రం వదిలేశాడు. అదే దీవికి ఉత్తరపు పక్కన, కొండల మాటున ఒదిగిన సెయింట్ మార్గరెట్స్ హోప్ ఊరి దగ్గర ఓడ ఆపాలనుకున్నాడు. దూరం పెరుగుతుంది, ప్రయాణం గంట అవుతుంది. కానీ ఓడ అక్కడికి చేరేసరికి ఫర్త్ అల వెనకబడిపోతుంది, లింక్‌స్పాన్ కుదురుగా ఉంటుంది. కౌన్సిల్ మ్యాపులో దూరం కొలిచింది, ఇతను అల ఎటు విరుగుతుందో చూశాడు.

2001 మేలో పెంటలినా-బి బండ్లతో బయల్దేరింది. సర్కారు సాయం లేదు, టికెట్ల డబ్బే ఆధారం. పక్కనే పోటీ. మరుసటేడు నార్త్‌లింక్ అనే సంస్థ సర్కారు సాయంతో స్ట్రోమ్‌నెస్ దారిని అందుకుంది. ఫిన్లండ్‌లో హామ్నవో అనే సరికొత్త ఓడ కట్టించుకుంది. అక్కడా అదే కథ: ఓడ వచ్చింది, స్క్రాబ్‌స్టర్ రేవు పని పూర్తి కాలేదు. ఆ కొత్త ఓడ నెలల తరబడి లీత్‌లో ఊరికే కట్టేసి ఉండిపోయింది. ఈలోగా 30 ఏళ్లు దాటిన పెంటలినా-బి గంటలో ఫర్త్ దాటేస్తూనే ఉంది.

జనం అలవాటు పడ్డారు, లారీలు అలవాటు పడ్డాయి. బ్యాంక్స్ రెండో పాత ఓడ క్లేమోర్‌నూ తెచ్చుకున్నాడు. ఆ తర్వాతే తన సొంత కొలతలతో ఓడ కట్టించుకునే ధైర్యం చేశాడు. 2009లో ఫిలిప్పీన్స్‌లో కట్టించిన జంటపొట్టల క్యాటమరాన్ పెంటలినా పనిలోకి దిగింది. పాత పెంటలినా-బి ఆఫ్రికా పడమటి తీరానికి ఎదురుగా ఉన్న కేప్ వెర్డీ దీవులకు వెళ్లిపోయింది. 2019లో వియత్నాంలో కట్టించిన ఆల్ఫ్రెడ్ పనిలోకి దిగింది. 2023లో కాలెడోనియన్ మాక్‌బ్రేన్‌కు ఓడల కరువొచ్చింది. తొమ్మిది నెలలకు 90 లక్షల పౌండ్ల ఖర్చుతో ఆల్ఫ్రెడ్‌ను అద్దెకు తీసుకుంది, ఆ తర్వాత గడువూ పెంచుకుంది. గిల్స్ బే దారిలో పెంటలినా తిరుగుతుండగా, ఆల్ఫ్రెడ్ ఐయోనాను అమ్మినవాళ్ల ప్రయాణికుల్ని మోయడానికి పడమటి తీరానికి వెళ్లింది.