48 గంటల సారథి

1895 జూన్ 11వ తేదీన వెర్సాయి నుండి బొర్దో నగరమునకును, అచటినుండి మరల పారిసునకును మోటారుబండ్ల పందెము సాగి నూటముప్పది యేండ్లు నిండినవి గనుక, ఆ పందెపు వీరుడు ఎమీల్ లెవసోరును స్మరించుట ఉచితము.

గుఱ్ఱము లేని బండిని మానవుడెన్ని యుగములు కలగనెనో గాని, 1769లో క్యూన్యో నిర్మించిన ఆవిరిబండి నుండి, ఆంగ్లదేశపు బాటలపై కొన్నాళ్లు పొగలు గ్రక్కిన ఆవిరికోచీల మీదుగా, 1886లో బెంజ్ పేటెంటు పొందిన పెట్రోలుబండి వరకు ఒక్క గంతున రావచ్చును. 1843లో జన్మించిన లెవసోరు కొయ్యపని యంత్రములు చేయు పనార్ సంస్థలో భాగస్వామి. డైమ్లరు ఇంజను హక్కులను ఫ్రాన్సులో నిలబెట్టుకొనిన లూయీజ్ సరజాఁ అను వితంతువును అతడు 1890లో పరిణయమాడెను. ఆ ఇంజనే అరణముగా వచ్చినదనిన అతిశయోక్తి కాదు. తరువాత దానిని బండి ముందుభాగమున నిలిపి, గేర్లను నడుమ నమర్చి, వెనుకచక్రములను త్రిప్పించెను.

ఇక పందెము. దూరము 1,178 కిలోమీటర్లు. అనగా విజయవాడనుండి హైదరాబాదునకు రెండుమార్లు పోయి రెండుమార్లు వచ్చినదానికంటె నెక్కువ. స్టీరింగు చక్రము లేదు, పడవచుక్కానివంటి కడ్డీ మాత్రమే, గట్టిరబ్బరు చక్రములు, రాత్రి బాటను మసకగా చూపు దీపములు, ప్రక్కను మెకానిక్కు. రుఫెక్ అను ఊర బండిని మఱియొక సారథికి అప్పగింపవలెనని ఏర్పాటు. అయితే లెవసోరు ఎవ్వరును ఊహింపనంత ముందుగా, తెల్లవారుజామున మూడున్నరకే చేరుకొనుటచే, ఆ పెద్దమనిషి హాయిగా నిద్రించుచుండెను! అతనిని లేపి కాలము వృథాచేయుటకంటె తానే పోవుట మేలని తలచి సాగి, పదిన్నరకు బొర్దో చేరి, వెనువెంటనే వెనుదిరిగి, మరుసటి మధ్యాహ్నము ఒంటిగంటకు మూడు నిమిషములుండగా పారిసు ద్వారమైన పోర్ట్ మాయో ముందర బండి నాపెను. మొత్తము 48 గంటల 48 నిమిషములు. మార్గమున మిక్కిలి దీర్ఘమైన విరామము 22 నిమిషములు. ఒకచోట గంటకు ముప్పది కిలోమీటర్ల వేగమందుట ఉన్మాదమేయని అతడు తరువాత అనెనట. రెండవవాడు దాదాపు ఆరుగంటల తరువాతగాని రాలేదు. గాలిటైర్లు తొడిగిన మిషెలిన్ సోదరుల బండి పంక్చర్లతో వేగలేక నియతకాలమును దాటిపోయెను.

ఇంతచేసియు మొదటి బహుమానము లెవసోరునకు దక్కలేదు. అది రెండాసనములకు మించిన బండ్లకే యని నియమమట! పదకొండు గంటలు ఆలస్యముగా వచ్చిన కోష్లిన్ గారి ప్యూజో బండికి 31,500 ఫ్రాంకులు ముట్టినవి. పందెపు నిర్వాహకుల తర్కశాస్త్రము నా బుద్ధికి అందదు.

1896లో పారిసు–మార్సెయి పందెమున అడ్డువచ్చిన కుక్కను తప్పింపబోయి, లెవసోరు బండి బోల్తాపడి గాయపడెను. మరుసటి యేడు ఏప్రిలు 14న కన్నుమూసెను. పిమ్మటి కథ చెదరినది. ముందు ఇంజనుతో వెనుకచక్రములను త్రిప్పు పద్ధతి ప్రపంచమెల్ల వ్యాపించి, ముందుచక్రముల బండ్లకు చాలవరకు చోటిచ్చి, నేడు బ్యాటరీబండ్లలో ఇంజనే లేకపోయెను. పనార్ సంస్థ సిత్రోయెన్ చేత కబళింపబడి 1967లో ప్రయాణికుల కార్లు మానివేసెను. పోర్ట్ మాయో వద్ద 1907లో నెలకొల్పిన శిలాస్మారకమున లెవసోరు నేటికిని తన బండిలో కూర్చుండియున్నాడు. పారిసు పోవు పాఠకులు ఒకమారు చూడదగును.