బూడిద దిబ్బలు, జోమోన్ కుండలు: నవీన శిలాయుగ లక్షణాలపై ఒక పరిశీలన

వ్యవసాయం, పశుపోషణ, నునుపు చేసిన రాతి పనిముట్లు, కుండలు, స్థిర నివాసం – ఈ ఐదింటినీ నవీన శిలాయుగ లక్షణాలుగా చరిత్ర గ్రంథాలు పేర్కొంటాయి. అయితే ఇవన్నీ ప్రతి ప్రాంతంలోనూ ఒకేసారి కలిసి వచ్చాయా? రెండు ఉదాహరణలను పరిశీలిద్దాం.

జపాన్: సేద్యం కంటే ముందే కుండ

1877లో అమెరికన్ జంతుశాస్త్రజ్ఞుడు ఎడ్వర్డ్ మోర్స్ టోక్యో సమీపంలోని ఓమోరి వద్ద గుల్లల దిబ్బను తవ్వించాడు. అక్కడ దొరికిన కుండ పెంకులపై తాడు అచ్చులు కనిపించాయి. ‘తాడు గుర్తులు’ అనే అర్థం గల ‘జోమోన్’ అన్న పేరు ఆ సంస్కృతికి అలా ఏర్పడింది. ఆ తరువాత ఉత్తర జపాన్‌లోని ఓదాయ్ యమమోతో వద్ద దొరికిన పెంకులకు అంటిన మాడును కార్బన్-14 పద్ధతిలో పరీక్షించగా, అవి సుమారు 16,000 సంవత్సరాల నాటివని తేలింది. ఆ కుండలు చేసినవారు రైతులు కారు. వేట, చేపలు, అడవి కాయలే జోమోన్ ప్రజల ప్రధాన జీవనాధారం. అయినప్పటికీ సన్నాయ్ మరుయామా వంటి చోట్ల వారు వందల ఏళ్లపాటు గ్రామాలలో స్థిరంగా నివసించారు. వరిసాగు చాలా కాలం తరువాత, యాయోయ్ సంస్కృతితో వ్యాపించింది.

ఉట్నూరు: మందల వెంట నడిచిన జీవనం

దక్కను ప్రాంతపు బూడిద దిబ్బలను స్థానికులు రాక్షసుల చితాభస్మంగా చెప్పుకునేవారు. ఇనుము కరిగించగా మిగిలిన వ్యర్థమని కొందరు పండితులు భావించారు. అది కాలిన పశువుల పేడ అని రాబర్ట్ బ్రూస్ ఫుట్ అభిప్రాయపడ్డాడు. 1957లో ఎఫ్.ఆర్. ఆల్చిన్ నాటి మహబూబ్‌నగర్ జిల్లాలోని ఉట్నూరు దిబ్బను తవ్వడంతో ఈ వివాదం చాలావరకు తీరింది. దుంగలు పాతిన గుంతల వరుసలు, వాటి లోపలి భాగంలో పశువుల గిట్టల అచ్చులు బయటపడ్డాయి. అంటే అది పశువుల దొడ్డి. అందులో పేరుకున్న పేడను పలుమార్లు తగలబెట్టడం వల్ల బూడిద పొరలు ఏర్పడ్డాయి. ఈ దిబ్బ క్రీ.పూ. మూడవ సహస్రాబ్దికి చెందినది. చేతితో చేసిన కుండలు, నునుపు చేసిన రాతి గొడ్డళ్లు కూడా ఇక్కడ లభించాయి.

పేడను ఎందుకు తగలబెట్టారు? సంక్రాంతి, హోళీ వంటి పండుగల మంటలతో ఆల్చిన్ దీన్ని పోల్చాడు. ఇక్కడ ఒక తేడాను గమనించాలి. గిట్టల అచ్చు ఆధారం. పండుగతో సంబంధం ఊహ. మొదటిదాన్ని ఎవరైనా చూసి నిర్ధారించుకోవచ్చు. రెండవదాన్ని సాధ్యమైన వివరణగా మాత్రమే స్వీకరించాలి.

ముగింపు

జపాన్‌లో కుండ ముందు వచ్చింది, సేద్యం చాలా ఆలస్యంగా వచ్చింది. ఉట్నూరులో కుండ, నునుపు గొడ్డలి ఉన్నా, బతుకు ప్రధానంగా పశువుల మంద చుట్టూ తిరిగింది. కాబట్టి ఆ ఐదు లక్షణాలు విడదీయలేని మూట కావు. ఒక కుండ పెంకు దొరికినంత మాత్రాన అక్కడ పొలం ఉండేదని చెప్పలేం. ఆహారం ఎక్కడి నుంచి వచ్చిందో ఎముకలు, గింజలు, మట్టి పొరలే చెప్పాలి. అందుకే బూడిద దిబ్బల మట్టిని ఎరువుగా తరలించిన ప్రతిసారీ మనం కోల్పోయేది బూడిదను మాత్రమే కాదు, మరోచోట దొరకని సాక్ష్యాన్ని.

మీ ప్రగతిని సరిచూసుకోండి: ఉట్నూరు దిబ్బ పశువుల దొడ్డి అని నిర్ధారించడానికి తోడ్పడిన ఆధారాలు ఏవి?