గంధకం పొగలో విరిసిన బొమ్మ

1839లో పారిస్ నుంచి ఒక వింత వార్త యూరప్ అంతా పాకింది. లూయీ డగేర్ అనే ఆయన కుంచె పట్టకుండా వెలుతురుతోనే బొమ్మ గీయించాడట! ఆల్ప్స్ కొండల అంచున, ఇప్పటి స్లొవేనియాలో, ఆ వార్త ఒక యువ పాదరీని నిద్రపోనివ్వలేదు. ఆయన పేరు యానెజ్ పుహార్, సొంతూరు క్రాన్.

పుహార్ డగేర్ పద్ధతిని పట్టుదలగా నేర్చుకున్నాడు. అయితే దానికి వెండి పూత వేసిన రాగి రేకులు కావాలి. చర్చిలో సహాయ పాదరీకి వచ్చే జీతమెంత, ఆ రేకుల ఖరీదెంత! మరొకరైతే అక్కడితో ఆశ వదులుకునేవారు. పుహార్‌కు మాత్రం వేరే ఆలోచన తట్టింది. వెండే ఎందుకు కావాలి? ఇంటి కిటికీకి బిగించే గాజు చాలదా?

అసలు చిక్కు అక్కడే వచ్చింది. నున్నటి గాజు మీద పూత నిలవాలి. ఆ పూత వెలుతురు తగలగానే మారాలి. దానికోసం వెతికి వెతికి, చివరికి అగ్గి పెడితే ఘాటుగా మండే మామూలు గంధకం దగ్గర ఆగాడు. 1842 ఏప్రిల్ 19న ఆయన శ్రమ ఫలించింది.

గంధకం వెలిగించి ఆ పొగకు గాజు పలక పట్టేవాడు. పలక మీద పలచటి పొర కమ్ముకునేది. దానికి అయొడిన్ ఆవిరి పట్టించి కెమెరాలో అమర్చేవాడు. డగేర్ పద్ధతిలో పాదరసం ఆవిరి ఫొటో తీశాకే పడుతుంది. పుహార్ పాదరసాన్ని కెమెరా అడుగునే ఉంచి వేడిచేశాడు. అలా వెలుతురూ ఆవిరీ ఒక్కసారే పలకను తాకేవి. సుమారు 15 సెకన్లలో పని అయిపోయేది. తర్వాత బ్రోమిన్ ఆవిరితో బొమ్మను గట్టిపరచి, ఆల్కహాల్ పోసి, వార్నిష్ పూసేవాడు.

1843లో 'కార్నియోలియా' పత్రిక ఈ సంగతి ప్రచురించింది. కానీ చిన్న ఊళ్లో పాదరీ మాట పెద్ద నగరాల దాకా వెళ్లలేదు. ఐదారేళ్ల తర్వాత ఫ్రాన్స్‌లో నియెప్స్ ద సాన్ విక్టర్ గుడ్డు తెల్లసొన పూసిన గాజుపై ఫొటోలు తీశాడు. పేరంతా ఆయనకే వచ్చింది. పుహార్ నిరాశపడి ఊరుకోలేదు. 1851లో తన పద్ధతిని వియన్నా విజ్ఞాన అకాడమీకి వివరించాడు. మరుసటి ఏడాది పారిస్‌లోని ఒక అకాడమీ ఆయన్ను గాజు ఫొటోగ్రఫీ ఆవిష్కర్తగా గుర్తిస్తూ పత్రం పంపింది.

అప్పటికే ఆయన ఎన్నో ఏళ్లుగా గంధకం పొగ, పాదరసం ఆవిరి పీలుస్తున్నాడు. యాభై నిండకుండానే, 1864 ఆగస్టులో క్రాన్‌లో కన్నుమూశాడు.

  

పుహార్ గాజు ఫొటోలు ఇప్పుడు కొద్దిగానే మిగిలాయి. వాటిలో ఒకదానిలో ఉన్నది ఆయనే. తాను కనిపెట్టిన ఫొటో పద్ధతిని తన మీదే పరీక్షించుకుంటూ, కదలకుండా కూర్చున్న ఆ కొద్ది క్షణాలు ఆ గాజులో ఇంకా నిలిచి ఉన్నాయి.